హాతెమ్ అలీ పేరులో హాతెమ్ అలీ వాటా ఎంత?

కృష్ణాతీరం:
బాపు-రమణల చర్చలో మొదలైన ఈ వాదన అక్కడివాళ్లకి అడ్డమవుతోందని ఇక్కడికి మార్చాను. అరబ్ టెలివిజన్‌లో మొదటి వరస దర్శకుల్లో సిరియాకి చెందిన హాతెమ్ అలీ ఒకడని నేను రాశాను. శాసనం గారు ఒప్పుకోలేదు. ఆ ఖ్యాతి రచయిత వలీద్ సైఫ్‌కి దక్కాలి, దర్శకుడు ఆ రాతని కెమెరా ముందు నిలబెట్టాడంతే అన్నారు.

హాతెమ్ అలీ పని చూడనివాళ్ల కోసం కొంచెం చెబుతాను. 1962లో గోలన్‌లో పుట్టాడు. ఇజ్రాయెల్‌తో 1967 యుద్ధంలో ఊరు వదిలిన కుటుంబం. డమాస్కస్‌లోని నాటక విద్యాసంస్థలో 1986లో చదువు ముగించి నటుడయ్యాడు, 1990ల్లో దర్శకత్వంలోకి వచ్చాడు. 2000లో ‘అల్ జీర్ సాలెమ్’, 2001లో ‘సలాహుద్దీన్’, 2002 నుంచి 2005 మధ్య అందలూసియా (ముస్లింలు ఏలిన పాత స్పెయిన్) మీద మూడు సీరియళ్లు (సఖ్ర్ ఖురైష్, రబీ ఖుర్తుబా, ములూక్ అల్ తవాయిఫ్), 2004లో పాలస్తీనా రైతు కుటుంబం కథ ‘అల్ తగ్రీబా’, 2007లో ఈజిప్టు రాజు ఫారూఖ్ మీద ఒకటి, 2012లో ఖలీఫా ఉమర్ మీద ‘ఉమర్’. 2020 డిసెంబరు 29న కైరోలో గుండెపోటుతో పోయాడు. 58 ఏళ్లు.

సీరియల్ అనగానే మన సాయంత్రం సీరియళ్లు అనుకోకండి. ఇవి రంజాన్ నెల కోసం తీసేవి. రోజుకొక భాగం, ఎక్కువగా ముప్ఫై భాగాలు. నెలతో కథ అయిపోతుంది.

శాసనం:
నా మాటని కాస్త మెత్తబరిచి రాశారు. నేనన్నది ఇదీ: సలాహుద్దీన్, అందలూసియా మూడూ, తగ్రీబా, ఉమర్... ఇవన్నీ వలీద్ సైఫ్ రాసినవి. ఆయన 1948లో పాలస్తీనాలోని తుల్కరమ్‌లో పుట్టిన కవి, జోర్డాన్ విశ్వవిద్యాలయంలో భాషాశాస్త్రం చెప్పిన ఆచార్యుడు. ఆయన రాసిన సంభాషణని కాగితం మీద చదివినా ఒళ్లు జలదరిస్తుంది. అలాంటి రాత చేతికొస్తే మామూలు దర్శకుడు తీసినా నిలబడుతుంది.

ఉమర్‌నే తీసుకోండి. రాత సైఫ్‌ది. ఆ రాతని చూసి సరేనన్నది యూసుఫ్ అల్ ఖరదావీ, సల్మాన్ అల్ ఔదా లాంటి పండితులున్న సంఘం. ఉమర్ వేషం కట్టిన సామెర్ ఇస్మాయిల్ అప్పటికి కొత్తవాడు, పైగా ఆ గొంతు అతనిది కాదు. అసద్ ఖలీఫా చెప్పాడు. మాట ఒకరిది, మొహం ఒకరిది, గొంతు ఇంకొకరిది, అనుమతి మరొకరిది. దర్శకుడి వాటా ఎక్కడో చూపించండి.

అమ్మలు:
గొంతు వేరే వాళ్లదా! ఇన్నాళ్లూ అతనిదే అనుకున్నాను.

మూవియోలా:
వాటా ఎక్కడ అంటే లెక్క చెబుతాను.

భాగం 45 నిమిషాలు, ముప్ఫై భాగాలు. 1,350 నిమిషాలు, అంటే ఇరవై రెండున్నర గంటల బొమ్మ. పాతకాలం స్టూడియో పద్ధతిలో మూడు కెమెరాలు ఒకేసారి తిరుగుతాయి. సన్నివేశం మొదటినుంచి చివరిదాకా నాటకంలా నడుస్తుంది, పక్క గదిలో కూర్చున్నవాళ్లు మీట నొక్కి ఒక కెమెరా నుంచి ఇంకో కెమెరాకి మారుస్తారు. రోజుకి ముప్ఫై నిమిషాల బొమ్మయినా వస్తుంది. లైటింగ్ మాత్రం మూడు వైపులకీ సరిపోవాలి కాబట్టి మొహాలన్నీ చదునుగా, నీడల్లేకుండా ఉంటాయి.

సిరియావాళ్లు 1990ల నుంచి వేరే దారి పట్టారు. హైతమ్ హక్కీ, నజ్దత్ అంజూర్ లాంటివాళ్లు సెట్టు వదిలి బయటికొచ్చి సినిమాలాగే ఒక్క కెమెరాతో తీశారు. హాతెమ్ అలీ ఆ బాటలోనే ఎదిగాడు. ఒక్క కెమెరా అంటే ఇద్దరు మాట్లాడుకునే సన్నివేశానికి కూడా కనీసం ఐదు సెటప్పులు: ఇద్దరూ కనపడేది ఒకటి, భుజాల మీదుగా రెండు, దగ్గరి మొహాలు రెండు. సెటప్ మారినప్పుడల్లా దీపాలు మార్చాలి. ఒక్కోదానికి అరగంట వేసుకోండి, మూడు నిమిషాల మాటకి రెండున్నర గంటలు. రోజంతా కష్టపడితే పది నిమిషాలు. అలా 135 రోజులు. గుర్రాలు, కవచాలు, గుంపులు ఉన్న చారిత్రక కథలో ఐదు నిమిషాలు దాటవు. అప్పుడు 270 రోజులు.

రంజాన్‌కీ రంజాన్‌కీ మధ్య ఉండేది 354 రోజులు. చాంద్రమాన సంవత్సరం మనకోసం ఆగదు. ఆ మిగిలిన 84 రోజుల్లోనే నటుల్ని కుదుర్చుకోవడం, సెట్లు, దుస్తులు, ఎడిటింగ్, సంగీతం, శబ్ద మిశ్రమం. పైగా నెల ఏటా పదకొండు రోజులు ముందుకి జరుగుతుంది. 2001లో నవంబరులో వచ్చిన రంజాన్ 2012లో జూలై 20కి వచ్చేసింది. చలికాలంలో తీసుకుందాం అనుకున్న ఎడారి సన్నివేశాలు ఎండల్లోకి పోతాయి. ఈ గడువు లోపల ఇరవై రెండు గంటలూ ఒకే చేత్తో తీసినట్టు కనపడేలా చేయడమే దర్శకుడి వాటా. కాగితం మీద అది ఉండదు.

శాసనం:
అది నిర్వహణ. మంచి ప్రొడక్షన్ మేనేజరు కూడా చేస్తాడు. నేనడిగింది కళ గురించి. గొంతు ప్రశ్నకి జవాబు రాలేదు.

కృష్ణాతీరం:
గొంతు దగ్గరే ఆగిపోయారేమిటి శాసనం గారూ? మన రాజశేఖర్‌కి సాయికుమార్ చెప్పిన గొంతుని తెలుగువాళ్లు ఎవరైనా తప్పు పట్టారా? ఆ కోపం మొహంలో పుట్టిందా గొంతులో పుట్టిందా అని విడదీయగలమా? ఆ రెండూ ఒక మనిషివేనని నమ్మించేది దర్శకుడే కదా.

మీరు వదిలేసిన పేర్లు చెబుతాను, జవాబివ్వండి. అల్ జీర్ సాలెమ్ సైఫ్ రాసింది కాదు, మమ్దూహ్ అద్వాన్ రాశాడు. ఫారూఖ్ లమీస్ జాబెర్ రాసింది. ‘అహ్లామ్ కబీరా’ అమల్ హన్నా రాసింది. ‘నాలుగు రుతువులు’ దలా అల్ రహ్బీ, రీమ్ హన్నా కలిసి రాసింది. రచయిత మారినా పని నాణ్యత తగ్గలేదే?

శాసనం:
జీర్ సాలెమ్ రాసిన అద్వాన్ కూడా కవే, నాటక రచయితే. మళ్లీ రాతే గెలిచింది. మీ ఉదాహరణ నా మాటనే బలపరుస్తోంది.

దోహా డ్యూటీ:
ఉమర్ సీరియల్‌ని ఎంబీసీ అనే అరబ్ ఛానల్, ఖతార్ టీవీ కలిసి తీశాయి. సహాబాల (ప్రవక్త సహచరుల) రూపం చూపించకూడదని కైరోలోని ఇస్లామీ విద్యాపీఠం అల్ అజ్‌హర్ గట్టిగా వ్యతిరేకించింది. ఆ గొడవ తెలియకుండా దర్శకుడి వాటా లెక్కగట్టలేం.

నాంపల్లి టేషన్:
శాసనం అన్నా, గొంతు ముచ్చట నేను జెప్త. జర ఓపిక పట్టి సదువు.

ఈ చారిత్రక సీరియళ్లన్నీ ఫుస్‌హాల ఉంటయి. మన గ్రాంథికం లెక్క అనుకో, ఇంట్ల ఎవ్వరు మాట్లాడరు. దాంట్ల మాట చివర అచ్చు మారితే అర్థమే తిరగబడతది. ‘దరబ జైదున్ అమ్రన్’ అంటే జైద్ అమ్ర్‌ను కొట్టిండు. అదే వరుసల ‘జైదన్ అమ్రున్’ అంటే అమ్రే జైద్‌ను కొట్టిండు. మనకు విభక్తి ఉన్నట్టే. ‘రాముడు సోముణ్ణి’, ‘రాముణ్ణి సోముడు’. ఒక్క అచ్చు పోతే దెబ్బ తిన్నోడు మారిపోతడు. అందుకే ఈ సీరియళ్లకు మాటమాటకు అచ్చుల గుర్తులు పెట్టి, భాష చూసెటోడు పక్కన ఉండి సరిచూస్తడు.

అసలు ముచ్చట ఇది. అరబ్బీల మాట ఆపితే, ఆ ఆపిన కాడ చివరి అచ్చు రాలిపోతది. అంటే నటుడు ఊపిరి యాడ తీసుకుంటడో ఆడ వ్యాకరణం మారుతది. వాక్యం నడుమ ‘ఇక్కడ ఒక్క క్షణం ఆగు, ఆమె దిక్కు చూడు’ అని డైరెక్టర్ చెప్పిండనుకో, ఆ మాటకు చివరి అచ్చు ఉండొద్దు. ఆగకుంటే ఉండాలె. ఆగి కూడా అచ్చు పలికితే బడిల పాఠం అప్పజెప్పినట్టు వినపడతది. శానా చారిత్రక సీరియళ్లు చెడిపోయేది గీడనే. విరామం పెట్టేది రాసినోడు కాదు, తీసెటోడు. సామెర్ ఇస్మాయిల్ మొహం ఆడ ఆగింది కాబట్టే అసద్ ఖలీఫా గొంతు గూడ ఆడనే ఆగాలె. పెదవులతో పాటు ఊపిరి గూడ కలవాలె కదా. గొంతు ఎవ్వరిదైనా గాని, దాని నడక సెట్టు మీదనే తయారైంది.

అమ్మలు:
ఈ ఒక్క పోస్టు కోసమైనా చర్చ మొదలైనందుకు సంతోషం. రాముణ్ణి సోముడు కొట్టాడని చెప్పగానే అర్థమైపోయింది.

శాసనం:
నాంపల్లి గారూ, బాగా చెప్పారు, ఒప్పుకుంటాను. కానీ విరామం అందంగా పడేలా వాక్యం కట్టిందెవరు? సైఫ్. ఆగడానికి చోటున్న వాక్యం రాస్తేనే ఆగగలం. స్టూడియోలో నింపిన గొంతు పక్కవాళ్ల గొంతులతో కలవదు కూడా. ఎడారిలో నిలబడ్డ మనిషి మాట గదిలోంచి వచ్చినట్టుంటుంది.

మూవియోలా:
అది జరగొచ్చు. స్టూడియోలో మైకు నోటికి జానెడు దూరంలో ఉంటుంది. చిత్రీకరణలో బూమ్ (పొడవాటి కర్రకి కట్టిన మైకు) తల మీద గజం దూరాన ఉంటుంది. రెండింటినీ పక్కపక్కన పెడితే దగ్గరి గొంతు బొమ్మలోంచి బయటికొచ్చి మాట్లాడినట్టు అనిపిస్తుంది. దూరం నుంచి ఇంకో మైకుతో కూడా పట్టి కలపాలి, లొకేషన్‌లో మాటల్లేనప్పటి చప్పుడు అరనిమిషం విడిగా పట్టుకొచ్చి కింద పరవాలి. గడువు మీదకొస్తే మొదట కత్తెర పడేది ఇలాంటి పనికే. చివరి భాగాల మిశ్రమం ప్రసారం నడుస్తుండగానే చేసుకునే పరిశ్రమ అది. లోపం ఉంటే లోపమే. దాంతో దర్శకుడి వాటా సున్నా అయిపోదు.

కృష్ణాతీరం:
శాసనం గారు నాలుగు రుతువుల మాట ఎత్తడం లేదు, గమనించండి. 1999లో ఒక భాగం, 2002లో రెండోది. డమాస్కస్‌లో ఒక కుటుంబం, పిల్లలు, అల్లుళ్లు. ఖాలెద్ తాజా, బస్సామ్ కూసా లాంటి నటులు. ఏ ఎపిసోడ్ కథ దానిదే. యుద్ధాల్లేవు, కత్తుల్లేవు, ఫుస్‌హా లేదు, వంటింటి మాటలే. అలాంటి ఇల్లు తీసినవాడే ఖలీఫాల సభ తీశాడు. అందుకే ఆయన సలాహుద్దీన్ అన్నం ముందు కూర్చున్నా మనిషిలాగే ఉంటాడు.

ఉమర్‌లో ప్రవక్త రూపం కనపడదు, గొంతు వినపడదు. ఆయన మాట సహచరుల నోటి మీదుగానే వస్తుంది. 1976లో ముస్తఫా అక్కాద్ ‘ది మెసేజ్’ తీసినప్పుడు కెమెరానే ఆయన చూపుగా మార్చాడు, నటులు నేరుగా కెమెరాలోకి చూసి మాట్లాడారు. రెండు మూడు గంటల సినిమాకి అది సరిపోయింది. ఇరవై గంటలకి పైగా నడిచే కథకి సరిపోదు. కథకి కేంద్రమైన వ్యక్తి తెర మీద లేకుండానే, అందరి చూపులూ ఆయన వైపే ఉన్నట్టు అనిపించాలి. చూపుల దిశ ఒక్క షాట్‌లో తప్పినా ఆ కేంద్రం చెదిరిపోతుంది. ఇదీ రచయితే చేశాడా?

శాసనం:
ఎప్పుడు చూసినా ఉమర్, ఉమర్. ఆ ఒక్కటి చూసొచ్చి ఇక్కడ దర్శకత్వం మీద పాఠాలు చెప్పేవాళ్లు ఎక్కువయ్యారు. పోయిన నెల నజ్దత్ అంజూర్ మీద నేను రాసిన దానికి కూడా ఇలాగే గుంపుగా వచ్చి పడ్డారు. పోస్టులో ఒక్క ముక్క పట్టుకుని లాగడం, మిగతాది చదవకపోవడం.

కృష్ణాతీరం:
గొంతు అనే ఒక్క ముక్క పట్టుకుని మూడు పోస్టులుగా లాగుతున్నది మీరు! నాలుగు రుతువుల మీద రెండుసార్లు అడిగాను, ఒక్క అక్షరం రాయలేదు. చూడలేదని చెబితే పోయేదానికి రచయిత, కవి అని తిప్పుతున్నారు. మీ మనసులో సీరియల్ అంటేనే చిన్నచూపు ఉంది. సినిమా అయితే దర్శకుడిది, సీరియల్ అయితే రచయితది. తూకం రాళ్లు వేరువేరుగా పెట్టుకుని తూస్తున్నారు.

దోహా డ్యూటీ:
అందరూ కాస్త నెమ్మదించండి సార్.

నాంపల్లి టేషన్:
కృష్ణాతీరం అన్నా, నువ్వు గూడ జర తగ్గు. పెద్దమనిషితోని గట్ల మాట్లాడుడు మంచిగుండది.

శాసనం:
సరే. చిన్నచూపు అన్నారు కాబట్టి ఉన్నదున్నట్టు చెబుతాను.

నాలుగు రుతువులు పూర్తిగా చూడలేదు, నిజమే. కానీ ‘అల్ లైల్ అల్ తవీల్’ చూశాను. సుదీర్ఘ రాత్రి అని దాని పేరుకి అర్థం. 2009లో ఆయన తీసిన సినిమా, హైతమ్ హక్కీ రాశాడు. రాజకీయ ఖైదీలు ఇరవై ఏళ్ల తర్వాత విడుదలవుతారు. బయట వాళ్ల పిల్లలు వేరే బతుకుల్లో సర్దుకుని ఉంటారు, తండ్రి ఇంటికొస్తున్నాడన్న వార్త వాళ్లకి పండగా కాదు, దుఃఖమూ కాదు. ఖాలెద్ తాజా మొహం మీద కెమెరా అలా నిలబడుతుంది. అక్కడ మాట లేదు, కవి లేడు. సిరియాలో ఉంటూ అప్పట్లో ఆ కథ ముట్టుకోవడానికే గుండె కావాలి. ఇటలీలో తావోర్మినా ఉత్సవంలో దానికి బహుమానం వచ్చింది. అదే ఏడు ‘సిలీనా’ వచ్చింది, రహ్బానీ సోదరుల సంగీత నాటకం ఆధారంగా. మిగతాదంతా రంజాన్ పంట.

2000 నుంచి 2005 దాకా లెక్కపెట్టండి. జీర్ సాలెమ్, సలాహుద్దీన్, సఖ్ర్ ఖురైష్, నాలుగు రుతువుల రెండో భాగం, రబీ ఖుర్తుబా, తగ్రీబా, అహ్లామ్ కబీరా, ములూక్ అల్ తవాయిఫ్, ‘అసియ్య్ అల్ దమ్’. ఆరేళ్లలో తొమ్మిది. ఒక్కోటి ఇన్ని గంటలని మూవియోలా గారే చెప్పారు. సుదీర్ఘ రాత్రి తీయగలిగిన మనిషిని ఛానళ్లు ఏటేటా ముప్ఫై భాగాలకి కట్టేశాయి. సీరియళ్లలో ఆయన్ని రచయితల వెనక నిలబెట్టి మాట్లాడానంటే కారణం అదే. ఆయన సొంతంగా మాట్లాడింది ఆ సినిమాలో అని నా నమ్మకం. అలాంటివి ఇంకో పది రావాల్సింది. రాలేదు.

అమ్మలు:
ఇది మొదటి పోస్టులోనే రాసుంటే బాగుండేది.

కృష్ణాతీరం:
మాట తూలినందుకు క్షమించండి. ఇప్పుడు మీరన్నది అర్థమైంది, ఒప్పుకోలేను గానీ.

కట్టేశాయి అంటున్నారు. నాకు అలా కనపడదు. తైమ్ హసన్‌ని చూడండి. 2003లో రబీ ఖుర్తుబాలో మన్సూర్, 2004లో తగ్రీబాలో అలీ, 2005లో ములూక్ అల్ తవాయిఫ్‌లో ముఅతమిద్, 2007లో ఫారూఖ్. అధికారం కోసం ఎక్కినవాడు, ఊరు పోగొట్టుకున్న చదువరి, కవిత్వం రాసే రాజు, సింహాసనం పోయే రాజు. సినిమాకి రెండు మూడేళ్లు పట్టే చోట ఒక నటుణ్ణి ఐదేళ్లలో నాలుగుసార్లు ఇలా ఎదిగించడం కుదిరే పని కాదు. చివరిది ఈజిప్టు మాండలికంలో, సిరియా నటుడితో, సిరియా దర్శకుడు ఈజిప్టువాళ్ల రాజు కథని వాళ్లకే చూపించాడు. జమాల్ సులేమాన్, ఖాలెద్ తాజా, ఇదే బృందం ఏటేటా. మన సురభి వాళ్లలాగా తిరిగే నాటక సమాజం అనుకోండి.

తగ్రీబా సంగతి కూడా. 1930ల నుంచి 1967 దాకా ఒక్క కుటుంబం. తల్లిదండ్రులుగా జూలియెట్ అవ్వాద్, ఖాలెద్ తాజా. సిరియా నటులంతా పాలస్తీనా పల్లె యాస నేర్చుకుని మాట్లాడారు. డేరాల్లో మొదలైన శిబిరం ఏళ్ల తరబడి ఊరుగా గడ్డకట్టడం రెండు గంటల్లో చెబితే సమాచారం అవుతుంది. పదిహేను భాగాలు ఆ బురదలో మనం కూడా ఉంటే తప్ప తెలియదు. ముగింపులో తుపాకీ చేతికి తీసుకునే రుష్దీ వేషం వేసింది హాతెమ్ అలీయే. 1967లో గోలన్ నుంచి చిన్నపిల్లాడిగా వచ్చేసినవాడు, 1967 దగ్గర ఆగే కథలో ఆఖరి పని తన చేత్తో చేశాడు. అది సొంత మాట కాకపోతే ఇంకేది సొంత మాట?

శాసనం:
రుష్దీ ఆయనేనని తెలుసు. ఇలా ఆలోచించలేదు.

కానీ అందలూసియా నాలుగో భాగం, గ్రనడా పతనం, అనుకున్నది రానే లేదు. డబ్బు పెట్టేవాళ్లు సరేనంటేనే ఆ సమాజం నడుస్తుంది, లేకపోతే ఆఖరి అంకం లేకుండా తెర పడుతుంది. దీన్ని స్వేచ్ఛ అనలేను.

మూవియోలా:
సినిమాకి కూడా ఎవరో ఒకరు డబ్బు పెట్టాల్సిందే కదండీ.

శాసనం:
పెట్టాలి. కానీ 354 రోజుల గడువు పెట్టరు.

నాంపల్లి టేషన్:
గీ మాట నిజమే అన్నా.

దోహా డ్యూటీ:
కొత్తగా చూసేవాళ్లు ఏది ముందు చూడాలి? మా రూములో నలుగురం ఉన్నాం, ఇద్దరికి అరబ్బీ మాట్లాడటం వచ్చు, చదవడం రాదు.

నాంపల్లి టేషన్:
గల్ఫ్‌ల నేర్చుకున్న అరబ్బీ బజారు అరబ్బీ. దాంతోని ఉమర్, సలాహుద్దీన్ ఎక్కయి. సలాహుద్దీన్‌ల నాలుగు మాటలు గూడ పట్టలేరు. నాలుగు రుతువులు వెట్టున్రి. అండ్ల ఇండ్లల్ల మాట్లాడే డమాస్కస్ యాస, మాట తెల్వకున్నా కథ మొహాల మీద కనపడతది. ఎపిసోడ్ కాడికి ఎపిసోడే, డ్యూటీ ఉంటే విడిచిపెట్టొచ్చు. తర్వాత తగ్రీబా. దాన్ని మాత్రం నడుమల నుంచి వెట్టొద్దు.

శాసనం:
రెండో భాగం నుంచి మొదలుపెట్టొచ్చా, మొదటిదే ముందు చూడాలా?

కృష్ణాతీరం:
మొదటిదే చూడండి. ఇంట్లో ఎవరు ఎవరికి ఏమవుతారో అందులో తెలుస్తుంది.